గోర్డన్ మర్రే లాంటి స్పోర్ట్స్ కారు ఇంజినీర్ కావాలంటే ఏ దారి? విదేశంలో ఎంఎస్ చేస్తే సరిపోతుందా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇదీ: మెకానికల్ మూడో సంవత్సరంలో ఉన్నారు, కాలేజీ స్టూడెంట్ ఫార్ములా టీమ్‌లో (విద్యార్థులే చిన్న రేసు కారు కట్టి పోటీపడే టీమ్) ఛాసిస్, అంటే కారు అస్థిపంజరం చూస్తున్నారు, మెక్‌లారెన్ ఎఫ్1, టీ.50 కార్ల వెనకున్న గోర్డన్ మర్రే లాంటి కెరీర్ కావాలనుకుంటున్నారు. మూడు అడిగారు. ఆయన అక్కడిదాకా ఎలా వెళ్లాడు? కారంతా నిజంగా ఒక్కడే గీశాడా? ఇంగ్లండ్‌లోనో జర్మనీలోనో ఎంఎస్ చేస్తే ఆ దారి దొరుకుతుందా?

సూటిగా చెప్తాను. ఎంఎస్ తలుపు దాకా తీసుకెళ్తుంది, లోపలికి తీసుకెళ్లేది మీరు చేసిన, తూచిన, విరగ్గొట్టిన పార్టులు. మర్రే ఒక్కడే కారంతా గీయలేదు. కానీ కారులోని ప్రతి పార్టు అక్కడ ఎందుకుందో, ఎంత బరువుందో ఆయనకు తెలుసు. ఆయన నడిచిన దారి మాత్రం ఇప్పుడు లేదు. 1970ల్లో పది పదిహేను మంది కలిసి ఒక ఫార్ములా వన్ కారు కట్టేవాళ్లు, ఇప్పుడు ఒక ఫ్రంట్ వింగ్ మీదే అంతకంటే ఎక్కువమంది పనిచేస్తారు. దారి లేకపోయినా ఆ అలవాటు మాత్రం నేర్చుకోవచ్చు, మీ టీమ్ షెడ్‌లో ఈ వారమే మొదలుపెట్టొచ్చు.

ముందు ఆయన సంగతి. మర్రే 1946లో దక్షిణాఫ్రికాలోని డర్బన్‌లో పుట్టాడు. చదివింది పెద్ద యూనివర్సిటీలో కాదు, నాటల్ టెక్నికల్ కాలేజీలో మెకానికల్. రేసు కారు కొనే స్తోమత లేక, ఫోర్డ్ ఇంజిన్ చుట్టూ లోటస్ 7 తరహాలో సొంత కారు కట్టుకుని 1967, 68లలో అక్కడి రేసుల్లో నడిపాడు. తన పేరులోని మొదటి అక్షరాలతో దానికి ఐజీఎం ఫోర్డ్ అని పేరు పెట్టుకున్నాడు. 1969 చివర్లో ఇంగ్లండ్ వెళ్లాడు. లోటస్‌లో చేరాలని ఆశ, ఆ సమయంలో అక్కడ ఉద్యోగాలు లేవు. బ్రాభమ్ అనే ఫార్ములా వన్ టీమ్‌లో రాన్ టారానాక్ ఆయన్ను డ్రాయింగ్ ఆఫీసులోకి తీసుకున్నాడు. తర్వాత టీమ్ బెర్నీ ఎకిల్‌స్టన్ చేతికొచ్చింది. ఆయన మిగతా డిజైనర్లను పంపించేసి మర్రేనే చీఫ్ డిజైనర్‌ని చేశాడు. అప్పటికి మర్రేకి ముప్పై కూడా నిండలేదు.

ఇందులో అదృష్టం ఉంది, కాదనను. కానీ చూడాల్సింది ఆ సొంత కారు. తన కారుకి తానే డిజైనర్, వెల్డర్, మెకానిక్, డ్రైవర్ అయినవాడికి డ్రాయింగ్ బోర్డు మీద గీసిన గీత వర్క్‌షాప్‌లో ఎంత ఇబ్బంది తెస్తుందో వేరే ఎవరూ చెప్పక్కర్లేదు. పానా పట్టని చోట బోల్టు పెట్టినవాడు దాన్ని రాత్రి రెండింటికి తానే విప్పాల్సొస్తే, మళ్లీ ఆ తప్పు చేయడు.

ఇక ఆయన ఆలోచించే తీరు పట్టుకోవాలంటే 1978 నాటి బ్రాభమ్ కారు బీటీ46బీ దగ్గర కాస్త ఆగాలి. అందరూ "ఫ్యాన్ కారు" అంటారు, అదేదో చిలిపి ఐడియా అన్నట్టు మాట్లాడతారు. అసలు సంగతి వేరు. ఆ ఏడాది లోటస్ 79 గ్రౌండ్ ఎఫెక్ట్‌తో అందర్నీ దాటేసింది. కారు పక్కల కింద తలకిందులైన రెక్క ఆకారంలో సొరంగాలుంటాయి, వాటిలోంచి గాలి వేగంగా పోయేసరికి అక్కడ పీడనం పడిపోయి కారు రోడ్డుకు అతుక్కుంటుంది. మర్రే కూడా అదే చేయొచ్చు కదా? చేయలేడు. బ్రాభమ్‌లో ఉన్నది ఆల్ఫా రోమియో ఫ్లాట్-12 ఇంజిన్. సిలిండర్లు చెరో పక్కకు పడుకుని ఉంటాయి, సరిగ్గా ఆ సొరంగాలు ఉండాల్సిన చోటే. ఇంజిన్ మార్చే వీల్లేదు.

అందుకని గాలి కారు కిందుగా పోవడం కాకుండా, కారు కింది గాలిని వెనక్కి లాగేయడం గురించి ఆలోచించాడు. గేర్‌బాక్స్ నుంచి తిరిగే పెద్ద ఫ్యాన్‌ని వెనక పెట్టి, ఇంజిన్ భాగం చుట్టూ స్కర్టులతో సీలు చేశాడు. అయితే కదిలే ఏరోడైనమిక్ పరికరాలు నిషిద్ధమని నిబంధన. ఆ నిబంధనను ఆయన ఎలా చదివాడో ఇక్కడే కనిపిస్తుంది. రేడియేటర్‌ను ఇంజిన్ పైన అడ్డంగా పడుకోబెట్టి, ఫ్యాన్ లాగే గాలిలో సగానికి పైగా రేడియేటర్ గుండా వచ్చేలా అమర్చాడు. అంటే ఫ్యాన్ ప్రధాన పని చల్లబరచడం, అతుక్కోవడం కొసరు. 1978 జూన్ 17న స్వీడన్‌లోని ఆండర్‌స్టార్ప్‌లో నికీ లౌడా ఆ కారుతో 34 సెకన్లకు పైగా ఆధిక్యంతో గెలిచాడు. మిగతా టీమ్‌లు గగ్గోలు పెట్టాయి, బ్రాభమ్ ఆ కారును వెనక్కి తీసుకుంది, మళ్లీ ఎప్పుడూ రేసులో దిగలేదు. గెలుపు మాత్రం రికార్డులో ఉండిపోయింది.

1981లోనూ ఇదే తంతు. కారుకి నేలకి మధ్య 6 సెంటీమీటర్లు ఉండాలన్నారు. కొలిచేది మాత్రం పిట్స్‌లో, కారు ఆగి ఉన్నప్పుడు. బీటీ49సీకి ఆయన పెట్టిన హైడ్రోన్యూమాటిక్ సస్పెన్షన్ వేగం పెరిగేకొద్దీ డౌన్‌ఫోర్స్‌కి (గాలి కారును కిందికి నొక్కే బలం) మెల్లగా కిందికి దిగేది, పిట్‌కి నెమ్మదిగా తిరిగొచ్చేసరికి మళ్లీ 6 సెంటీమీటర్లకి లేచేది. ఆ ఏడాది బ్రాభమ్ డ్రైవర్ నెల్సన్ పికే ఛాంపియన్. మీ టీమ్‌లో రూల్‌బుక్ ఎవరో ఒక్కరే చదివి మిగతావాళ్లకు చెప్తుంటే ఆ పద్ధతి మానండి. నిబంధనలో రాసింది ఏమిటి, కొలిచేది ఎలా అన్న రెండూ డిజైన్ చేసేవాడికే తెలియాలి.

1983 బీటీ52 గురించి ఒక్క మాట, ఎందుకంటే అసలు విషయం బరువు దగ్గరికి వస్తున్నాం. అంతకు ముందు ఏడాదే బ్రాభమ్ సగం ట్యాంకుతో మొదలుపెట్టి మధ్యలో ఆగి ఇంధనం నింపుకునే ఎత్తుగడ మొదలుపెట్టింది. ఫుల్ ట్యాంకు మోసే కారు రేసు సగం వరకు అనవసర బరువు మోస్తుంది, టైర్లు అరగ్గొట్టుకుంటుంది. ఆగడానికి పోయే సెకన్ల కంటే తేలికగా పరిగెత్తడంలో మిగిలేవే ఎక్కువని లెక్క. 1983కి అడుగు చదునుగా ఉండాలన్న నిబంధన ఆలస్యంగా రావడంతో, సిద్ధమవుతున్న బీటీ51ని పక్కన పడేసి, చిన్న ట్యాంకు చుట్టూనే బీటీ52ను సుమారు మూడు నెలల్లో కట్టారు. బీఎండబ్ల్యూ టర్బో ఇంజిన్‌తో పికే మళ్లీ ఛాంపియన్. ఆ ఇంజిన్ పౌల్ రోషేది. ఈ పేరు గుర్తుంచుకోండి.

అన్నీ గెలుపులే కాదు. 1986 బీటీ55 ఘోరంగా పోయింది. కారును బాగా కిందికి, సన్నగా చేయాలని నాలుగు సిలిండర్ల ఇంజిన్‌ని 72 డిగ్రీలు పక్కకు వాల్చారు. ఆయిల్ సరిగ్గా వెనక్కి రాలేదు, శక్తి పోయింది, సీజన్ మొత్తానికి 2 పాయింట్లు. ఆలోచన తప్పు కాదు, దానికి తగ్గ ఇంజిన్ లేదు. ఆయన 1987లో మెక్‌లారెన్‌కు టెక్నికల్ డైరెక్టర్‌గా వెళ్లాక, 1988 ఎంపీ4/4 అదే రకంగా నేలబారుగా, హోండా వీ6తో వచ్చి 16 రేసుల్లో 15 గెలిచింది. ఆ కారుకి చీఫ్ డిజైనర్ స్టీవ్ నికొల్స్. ఘనత ఎవరికెంత అన్నదాని మీద ఆ టీమ్‌వాళ్ల మధ్యే వాదన ఉంది. మీ రెండో ప్రశ్నకు సగం జవాబు ఇదే.

మిగతా సగం మెక్‌లారెన్ ఎఫ్1. 1988లో ఆ టీమ్ ఓడిన ఒకే ఒక్క రేసు ఇటలీది. అది అయ్యాక మిలాన్ లినాటే విమానాశ్రయంలో ఫ్లైట్ ఆలస్యమై కూర్చున్నప్పుడు మెక్‌లారెన్ బాస్ రాన్ డెనిస్, మన్సూర్ ఒజే, క్రైటన్ బ్రౌన్, మర్రే కలిసి రోడ్డు కారు గురించి మాట్లాడుకున్నారని ప్రసిద్ధి. 1992 మేలో మొనాకోలో కారును చూపించారు. బాడీ గీసింది పీటర్ స్టీవెన్స్. సస్పెన్షన్ లెక్కలు స్టీవ్ రాండిల్‌వి. ఇంజిన్ బీఎండబ్ల్యూలో అదే పౌల్ రోషే చేశాడు. హోండా ఇవ్వనన్నాక మర్రే వెళ్లింది పదేళ్లుగా తెలిసిన మనిషి దగ్గరికి. కెరీర్ అంటే ఇది కూడా, ఎవరి పని మీద మీకు నమ్మకమో, మీ పని మీద ఎవరికి నమ్మకమో.

మరి ఇంతమంది చేస్తే మర్రే చేసిందేంటి? హద్దులు గీశాడు, వాటిని కాపలా కాశాడు. ఇంజిన్ 250 కిలోలకు మించకూడదని అడిగాడు. వచ్చింది 266 కిలోలు, కానీ అడిగినదానికంటే దాదాపు 14 శాతం ఎక్కువ శక్తితో, 6.1 లీటర్లు, 627 పీఎస్ (హార్స్‌పవర్ లాంటి కొలత). కారు మొత్తం వెయ్యి కిలోలు ఉండాలనుకుంటే 1,138 దగ్గర ఆగింది. ఇది చదివి "ఆయనే మిస్సయ్యాడుగా" అనుకోకండి. వెయ్యి అని గట్టిగా పట్టుకోబట్టే 1,138 దగ్గర ఆగింది. టన్నుకు 551 పీఎస్. 1998లో జర్మనీలోని ఎరా-లేసిన్ ట్రాక్ మీద గంటకు 386 కిలోమీటర్లు దాటింది. రేసుల కోసం కట్టని ఈ కారు 1995లో ల మాన్ 24 గంటల రేసు గెలిచింది, మూడు, నాలుగు, ఐదు స్థానాలూ దానివే.

ఆ కారులో రెండు చూడండి చాలు. ఒకటి, ఇంజిన్ గదిలో అతికించిన బంగారు రేకు. ఆడంబరం అనుకుంటారు. కార్బన్ ఫైబర్‌ని అతికి ఉంచే రెసిన్ వేడికి మెత్తబడుతుంది, బంగారం వేడి కిరణాలను తిప్పికొట్టడంలో చాలా మేలైనది, పలుచటి రేకు బరువు గ్రాముల్లో ఉంటుంది. అదే పనికి మందపాటి ఇన్సులేషన్ పెడితే కిలోలవుతుంది. రెండోది ముందు సస్పెన్షన్. రోడ్డు కారులో మెత్తటి రబ్బరు బుష్‌లు లేకపోతే ప్రతి గతుకూ వెన్నుకి తగులుతుంది, ఉంటే బ్రేకు వేసినప్పుడు చక్రం వెనక్కి జరిగి కాస్టర్ కోణం (పక్క నుంచి చూస్తే చక్రం తిరిగే అక్షం వాలు) మారి స్టీరింగ్ తేలిపోతుంది. ఎఫ్1లో విష్‌బోన్‌లను (చక్రాన్ని కారుకు కలిపే వీ ఆకారపు చేతులు) గట్టిగా సబ్‌ఫ్రేమ్‌కు బిగించి, ఆ సబ్‌ఫ్రేమ్‌కు మెత్తటి బుష్‌లు పెట్టారు. అవి ముందుకూ వెనక్కీ జరగనిస్తాయి, కోణం మాత్రం తిరగనివ్వవు. ఒక జీ (భూమ్యాకర్షణ త్వరణమంత) బ్రేకింగ్‌కు కాస్టర్ మార్పు 1.02 డిగ్రీలు, అదే హోండా ఎన్‌ఎస్‌ఎక్స్‌లో 2.91. మర్రే ఎంతో మెచ్చుకుని కొలమానంగా పెట్టుకున్న కారే ఎన్‌ఎస్‌ఎక్స్. మెచ్చుకున్నదాన్ని కొలిచి చూడటం అభిమాని చేసే పని కాదు, ఇంజినీర్ చేసే పని.

అమ్మకాల్లో అది బోల్తా కొట్టింది. అన్ని రకాలూ కలిపి 106 కార్లే కట్టారు, అనుకున్నవాటికి ఆ సంఖ్య దరిదాపుల్లో లేదు. ఇప్పుడు కోట్లకు కోట్లు పలుకుతోంది, అది వేరే కథ. మర్రే 2007లో సొంత డిజైన్ సంస్థ పెట్టుకున్నాడు. 2020లో, 74 ఏళ్ల వయసులో టీ.50 చూపించాడు. వెయ్యి కిలోల లోపు బరువు, కాస్‌వర్త్ చేసిన 3.9 లీటర్ల వీ12, 12,100 ఆర్‌పీఎం దాకా తిరుగుతుంది, ఇంజిన్ బరువు 178 కిలోలు. ఎఫ్1 ఇంజిన్ కంటే 88 కిలోలు తక్కువ. వెనక 400 మి.మీ. ఫ్యాన్ ఉంది గానీ అది పాత ఫ్యాన్ కారు పద్ధతి కాదు. ఇందులో స్కర్టులు లేవు. డిఫ్యూజర్ (కారు అడుగున వెనక పైకి వాలే భాగం) బాగా నిటారుగా ఉన్నచోట గాలి పొర ఉపరితలం నుంచి ఊడిపోతుంది, అక్కడి మందగించిన గాలిని ఫ్యాన్ లాగేస్తే ప్రవాహం అతుక్కునే ఉంటుంది. ఇంటర్వ్యూలో ఈ తేడా చెప్పగలిగితే ఎదుటివాడు కుర్చీలో ముందుకు జరుగుతాడు.

ఇక మీ పని. టీమ్‌లో బరువు పట్టీ ఎవరి చేతిలో ఉంది? చాలా కాలేజీ టీమ్‌లలో ఎవరి చేతిలోనూ ఉండదు. ఉంటే ఎవరో జూనియర్‌కి అప్పజెప్తారు, పోటీకి వారం ముందు తూచి "అరే 262 వచ్చింది" అనుకుంటారు. ఆ పట్టీ మీరు తీసుకోండి. ఒక్కో వరుసకు పార్టు నంబరు, పేరు, ఎన్ని, ఒక్కోదాని లక్ష్యం, ప్రస్తుత బరువు, ఆ అంకె ఎక్కడిది (అంచనానా, కంప్యూటర్ డిజైన్ అంటే క్యాడ్‌లోదా, తూచినదా), బాధ్యత ఎవరిది. "అంకె ఎక్కడిది" అన్నదే ప్రాణం. అంచనా అంకెకు 10 శాతం కలుపుకోండి, క్యాడ్ అంకెకు 5 శాతం, తూచినదానికి సున్నా. మొదట్లో మొత్తం ఎక్కువ కనిపించి టీమ్ గొడవ చేస్తుంది. చేయనివ్వండి.

క్యాడ్ బరువుకీ కాంటా బరువుకీ తేడా ఎప్పుడూ ఒకవైపే ఉంటుంది. క్యాడ్‌లో లేనివి ఇవి: వెల్డు పూస, పెయింటు, జిగురు, ఫిల్లర్, కేబుల్ టైలు, ద్రవాలు, బోల్టులు. 5 లీటర్ల పెట్రోలు 3.7 కిలోలు. కూలెంట్ రెండు లీటర్లంటే రెండు కిలోలు. మొదటిసారి కట్టే వైరింగ్ హార్నెస్ 3–4 కిలోలు అవలీలగా అవుతుంది, ఎందుకంటే పొడవు తక్కువైతే ఏం చేయాలన్న భయంతో ప్రతి వైరూ అడుగు ఎక్కువ పెడతారు. ముందు నైలాన్ తాడుతో ఛాసిస్ మీద దారి పట్టించి, ముడులు వేసి, ఆ తాడుని బల్ల మీద కొలిచి వైరు కోయండి.

బోల్టుల దగ్గర కూర్చుని ఒక సాయంత్రం గడపండి. ఎం8 బోల్టు కావలసినదానికంటే 10 మి.మీ. పొడవుంటే అదనం మూడు గ్రాములు పైచిలుకు. కారులో అలాంటివి 200 ఉంటే 600 గ్రాములు, ఖర్చు లేకుండా పోయే బరువు. నట్టు దాటి కనీసం రెండు పూర్తి మరలు కనిపించాలని రూలుంది, కాబట్టి అంతకంటే పొట్టివి వేయకండి. బజారులో 35 మి.మీ. దొరకలేదని 50 వేసి వదిలేయడం మన షెడ్‌లలో మామూలే. టైటానియం బోల్టులు తర్వాత చూద్దాం. అవి ఉక్కులో 56 శాతం బరువుంటాయి, నిజమే, కానీ ఉన్న ఉక్కు బోల్టుల పొడవే సరిచేయనివాడికి అవెందుకు?

మీరు చూసేది ఛాసిస్ కాబట్టి గొట్టాల సంగతి చెప్పాలి. 25.4 మి.మీ. బయటి వ్యాసం, 2.4 మి.మీ. మందం ఉన్న ఉక్కు గొట్టం మీటరుకు 1.36 కిలోలు. అదే వ్యాసంలో 1.65 మి.మీ. మందమైతే 0.97. రూలు పట్టుబట్టని చోట 1.2 మి.మీ. వాడితే 0.72. మెయిన్ హూప్‌కు (డ్రైవర్ వెనక ఉండే రక్షణ వంపు) మందపాటిదే, అందులో బేరం లేదు. కానీ మిగిలిన గొట్టాలన్నిటికీ "ఒకే సైజు కొంటే సులువు" అని 2.4 వేసిన ఛాసిస్‌లు కనిపిస్తూనే ఉంటాయి. 20 మీటర్లలో 8 కిలోలు ఊరికే పెరుగుతాయి.

ఇంకొకటి, వైవాలో సగంమంది తప్పు చెప్పేది: క్రోమోలీ గొట్టం (4130 అనే మిశ్ర ఉక్కు) వాడితే ఛాసిస్ గట్టిపడదు. 4130 అయినా మామూలు మైల్డ్ స్టీల్ అయినా ఎలాస్టిక్ మాడ్యులస్ దాదాపు ఒకటే, 205 గీగాపాస్కల్స్ దగ్గర. అదే సైజు గొట్టానికి మెలితిప్పే గట్టిదనం మారదు, మారేది వంగిపోయే ముందు తట్టుకునే బలం. గట్టిదనం కావాలంటే గొట్టాల అమరిక మార్చాలి, ఇంజిన్ గది దగ్గర తెరిచి వదిలేసిన చతురస్రాన్ని ముక్కోణాలు చేయాలి.

బరువు తగ్గించే ఉత్సాహంలో విరిగేవి కూడా చెప్పాలి. అప్‌రైట్‌లో (చక్రాన్ని సస్పెన్షన్‌కు కలిపే భాగం) తవ్విన గుంతలకు మూలలు పదునుగా వదిలేస్తే పగులు అక్కడే మొదలవుతుంది. కనీసం 3 మి.మీ. గుండ్రం ఇవ్వండి, టూల్ చేరితే 5 ఇవ్వండి. 6061-టీ6 (హీట్ ట్రీట్‌మెంట్‌తో బలం పెంచిన రకం) అల్యూమినియంను వెల్డు చేస్తే ఆ చుట్టుపక్కల బలం సగానికి పడిపోతుంది, మళ్లీ హీట్ ట్రీట్‌మెంట్ చేయకపోతే లెక్కలో టీ6 బలం పెట్టకూడదు. 7075 అల్యూమినియంను టిగ్ వెల్డింగ్‌కు పంపనే పంపొద్దు, పగుళ్లిస్తుంది. కింది విష్‌బోన్ చివర రాడ్ ఎండ్‌ని (బంతి కీలున్న మరల కడ్డీ) వంగే బలం పడేలా పెట్టడం ఇంకా పెద్ద తప్పు. రాడ్ ఎండ్ లాగుడు, తోపుడు తట్టుకోవడానికే ఉంది, వంగితే మరలు మొదలయ్యే చోట పుటుక్కుమంటుంది. దాని బదులు స్ఫెరికల్ బేరింగ్‌ని హౌసింగ్‌లో కూర్చోబెట్టండి. బ్రేకు పెడల్ 2,000 న్యూటన్లు తట్టుకోవాలి, అక్కడ గ్రాములు ఏరుకోకండి.

మొత్తం బరువుతో పాటు ఎక్కడుందో కూడా తెలియాలి. నాలుగు బాత్రూమ్ కాంటాలు చాలు, ఒక్కోటి 150 కిలోల వరకు చూపేవి. ముందు తెలిసిన ఒకే బరువుతో నాలుగిటినీ సరిచూడండి. నాలుగు చక్రాల కింద నేల మట్టం ఒకటి రెండు మి.మీ. లోపు ఉండాలి, లేకపోతే పలుచటి షీట్లు పేర్చండి. డ్రైవర్ సీటులో ఉండాలి, టైర్ల గాలి సరిపోవాలి, యాంటీ రోల్ బార్ లింకు విప్పి ఉండాలి. సీజీ (గరిమనాభి, కారు బరువంతా ఒకచోట ఉన్నట్టు లెక్కించే బిందువు) ఎత్తు కోసం డ్యాంపర్ల స్థానంలో ఘనమైన రాడ్లు బిగించి వెనక చక్రాలను ఎత్తండి. 1,550 మి.మీ. వీల్‌బేస్‌కు (ముందు, వెనక ఇరుసుల మధ్య దూరం) 40 సెంటీమీటర్లు ఎత్తితే కోణం సుమారు 15 డిగ్రీలు. ముందు చక్రాలపై పెరిగిన బరువును వీల్‌బేస్‌తో గుణించి, మొత్తం బరువూ ఆ కోణపు ట్యాన్ విలువల లబ్ధంతో భాగిస్తే, ఇరుసు నుంచి సీజీ ఎంత పైన ఉందో వస్తుంది. డ్రైవర్‌తో 320 కిలోల కారుకి ముందు 3.3 కిలోలు పెరిగితే సీజీ ఇరుసుకు 60 మి.మీ. పైన. ఇక్కడే మెలిక ఉంది: కాంటా ఒక్క కిలో తప్పు చూపితే మీ జవాబు 18 మి.మీ. తప్పుతుంది. అందుకే ఒకసారి కొలిచి నివేదికలో రాసిన సీజీని జడ్జీలు నమ్మరు. మూడు కోణాల్లో కొలిచి, మూడు జవాబులూ చూపించండి.

ఆ ఎత్తు ఎందుకంటే, 320 కిలోల కారు 1.4 జీతో మలుపు తిరిగితే, సీజీ 30 సెంటీమీటర్లు, ట్రాక్ (ఎడమ, కుడి చక్రాల మధ్య దూరం) 1.2 మీటర్లు అయితే, లోపలి చక్రాల నుంచి బయటి చక్రాలకు 112 కిలోలు మారుతుంది. సీజీ ఒక్క సెంటీమీటరు దించితే దాదాపు 3.7 కిలోలు తగ్గుతుంది. బ్యాటరీ ఎక్కడ పెట్టాలన్న వాదన టీమ్ వాట్సాప్ గ్రూపులో మూడు రోజులు సాగక్కర్లేదు, ఈ లెక్కతో మూడు నిమిషాల్లో తేలుతుంది.

ఇప్పుడు చదువు, ఉద్యోగం. ఇంగ్లండ్‌లో క్రాన్‌ఫీల్డ్, ఆక్స్‌ఫర్డ్ బ్రూక్స్ లాంటి చోట్ల మోటార్‌స్పోర్ట్ ఎంఎస్‌సీ ఏడాదిలో అయిపోతుంది. ఎక్కువ రేసింగ్ టీమ్‌లు ఆక్స్‌ఫర్డ్‌షైర్, నార్తాంప్టన్‌షైర్ చుట్టుపక్కలే ఉంటాయి, అదే లాభం. ఫీజు బరువు, పోటీ ఎక్కువ, ఏడాది కళ్లు మూసి తెరిచేలోగా అయిపోతుంది. జర్మనీలో రెండేళ్లు. ప్రభుత్వ యూనివర్సిటీల్లో ట్యూషన్ ఫీజు ఉండదని మన కన్సల్టెన్సీలు చెప్పేది సగమే నిజం. స్టుట్‌గార్ట్ ఉన్న బాడెన్-వుర్టెంబర్గ్ రాష్ట్రంలో బయటి దేశాలవాళ్లకు సెమిస్టరుకు 1,500 యూరోలు ఉంది, మ్యూనిక్ టెక్నికల్ యూనివర్సిటీ కూడా ఇప్పుడు వసూలు చేస్తోంది. జర్మన్ భాష బీ2 దాకా రాకపోతే వర్క్‌షాప్‌లో మీతో ఎవరూ మాట్లాడరు, డ్రాయింగ్ ఆఫీసులో కూడా అంతే. ఎక్కడికి వెళ్లినా ఆ యూనివర్సిటీ స్టూడెంట్ ఫార్ములా టీమ్‌లో చేరలేకపోతే, ఎంఎస్ డబ్బులో సగం వృథా అనే నా అభిప్రాయం.

బీటెక్ అవ్వగానే వెళ్లడం కంటే, ఇక్కడ రెండేళ్లు పార్టు చేతికి తగిలే పని చేసి వెళ్లడం మేలు. టూవీలర్ కంపెనీల ఆర్‌అండ్‌డీ, సస్పెన్షన్, బ్రేకుల సప్లయర్లు, పుణెలోని వాహన పరిశోధన సంస్థ ఏఆర్‌ఏఐ, ఇండోర్ దగ్గర పీథంపూర్‌లో 11.3 కిలోమీటర్ల హైస్పీడ్ ట్రాక్ ఉన్న నాట్రాక్స్ చుట్టూ జరిగే టెస్టింగ్ పనులు చూడండి. హైదరాబాద్, బెంగళూరుల్లోని ఇంజినీరింగ్ సర్వీసుల ఉద్యోగాలు చెడ్డవి కావు, కానీ ఒక ప్రమాదం ఉంది. మూడేళ్లు మెషింగ్ (లెక్కల కోసం కంప్యూటర్ మోడల్‌ని చిన్న ముక్కలుగా విడగొట్టడం) మాత్రమే చేసి, ఆ మోడల్ టెస్టులో విరిగిందో లేదో తెలియకుండా ఉండిపోతారు. చేరితే మొదటి ఏడాదిలోనే టెస్టు రిపోర్టు అడగండి, మీ లెక్క ఎంత, స్ట్రెయిన్ గేజ్ (పార్టు ఎంత సాగిందో కొలిచే పరికరం) చెప్పింది ఎంత, తేడా ఎందుకొచ్చింది అని. ఇవ్వని టీమ్ నుంచి ఇచ్చే టీమ్‌కి మారండి.

ఒక పార్టు, తర్వాత ఒక సిస్టమ్, తర్వాత బండి. ఈ వరుస దాటవేయలేరు. బ్రేకు పెడల్ పూర్తిగా మీది కావాలి, తర్వాత బ్రేకు సిస్టమ్ మొత్తం, ఆ తర్వాతే బండి మొత్తం బరువు గురించి మీ మాటకు విలువ. ఇది ఎనిమిది నుంచి పన్నెండేళ్లు పడుతుంది. తొందర ఉంటే చిన్న కంపెనీలో చేరండి, అక్కడ మనుషులు తక్కువ కాబట్టి పనులు మీ మీదే పడతాయి.

మీరు అడగకపోయినా, పోర్ట్‌ఫోలియో ఎలా పెట్టాలో కూడా చెప్తాను. నలభై పేజీల రెండర్ బొమ్మలు వద్దు. ఒక్క పార్టు తీసుకుని నాలుగు పేజీలు చాలు: మొదటి డిజైన్ బరువు, ఆఖరి బరువు, మధ్యలో ఏం మార్చారు, ఏ లోడుకి లెక్క కట్టారు, ఆ లోడు ఎక్కడి నుంచి వచ్చింది, కాంటా మీద పెట్టిన ఫోటో. విరిగితే విరిగిన ముఖం దగ్గరగా తీసిన ఫోటో, పగులు ఏ మూల నుంచి మొదలైందో పెన్నుతో గుర్తుపెట్టి. మీ షెడ్ మూలన పాత కారు అప్‌రైట్‌లు, వంగిన విష్‌బోన్‌లు పడి ఉంటాయి. పాత ఇనుము కొనేవాడు రాకముందే వాటిని తూచి, ఫోటోలు తీసి పెట్టుకోండి.